పేరు పెట్టి పిలిచినవాడు

సావనీరుకి ఎవరైనా ఒక మహనీయుని జీవితం మీద వ్యాసం రాసిమ్మని మన యూనియన్ మిత్రులు అడిగారు. నాది నర్సీపట్నం దగ్గర పల్లె అని తెలియగానే, ఎవరి మీద రాయాలో కూడా వాళ్ళే తేల్చేశారు. అల్లూరి సీతారామరాజు! వాళ్ళు అనుకున్నదాంట్లో తప్పేమీ లేదు. 1922 ఆగస్టు 22న చింతపల్లి, 23న కృష్ణదేవిపేట, 24న రాజవొమ్మంగి పోలీసు స్టేషన్ల మీద దాడులు జరిగాయని మా వైపు బడిపిల్లలు ఎక్కాల్లాగ అప్పజెబుతారు. నేను రాస్తే కొత్తగా చెప్పేదేమీ ఉండదనిపించింది. ఎక్కడో తంజావూరులో ఒక గుళ్ళో దీపం వెలిగించుకుంటూ, ఎవరి జోలికీ పోకుండా బతికి, 1827లో కన్నుమూసిన ఒక పూజారి గారిని గురించి రాస్తానన్నాను. సెక్రటరీ గారు కాసేపు నా ముఖం చూసి, సరే కానిమ్మన్నారు.

ఆ పూజారి పేరు శ్యామశాస్త్రి. కర్ణాటక సంగీతంలో త్రిమూర్తులని చెప్పుకునే ముగ్గురిలో వయసుకి పెద్దవాడు ఆయనే. త్యాగరాజస్వామి పేరు తెలియని తెలుగువాడు ఉండడు. ముత్తుస్వామి దీక్షితుల పేరు కొందరికి తెలుసు. శ్యామశాస్త్రి అంటే మాత్రం మా హాస్టల్లో పదిమందిలో తొమ్మండుగురు నాకేసి వింతగా చూశారు. రెండేళ్ళ కిందట నాకూ తెలియదు. నేను చదివేది కెమిస్ట్రీ. మా ఇంట్లో తెలిసినవి వరీ, చెరుకూ. సరిగమలు వరసగా పలకమంటే నాకు చేతకాదు. కాబట్టి రాగతాళాల విషయంలో ఏదైనా పొరపాటు దొర్లితే విజ్ఞులు మన్నించాలి. నన్ను ఆయన దగ్గరికి తీసుకెళ్ళింది మా చెల్లెలికి వచ్చిన ఆటలమ్మ.

క్రితం ఏడాది వేసవి సెలవులకి ఇంటికి వెళ్ళేసరికి గుమ్మానికి వేపమండలు కట్టి ఉన్నాయి. వంటింట్లో తాలింపు వాసన లేదు. మజ్జిగా చద్దన్నమూ. మా మామ్మ, అంటే మా నాన్నకి అమ్మ, చెల్లెలి మంచం పక్కన కూర్చుని వేపరెమ్మతో విసురుతూ ఏవో పేర్లు వరసగా అంటోంది. నూకాలమ్మ, మరిడమ్మ, తలుపులమ్మ, పైడితల్లి, మోదకొండమ్మ, మధ్యమధ్యలో చల్లనితల్లి. అనకాపల్లి నుంచి పాడేరు దాకా, తుని నుంచి విజయనగరం దాకా ఉన్న అమ్మవార్లందరూ మా పంచలోకి వచ్చేశారు. జబ్బు పేరు మాత్రం ఎవ్వరూ ఎత్తరు. అమ్మవారు వచ్చింది, అంతే.

నాకప్పుడు రెండు సెమిస్టర్ల చదువు తలకెక్కి ఉంది. ఇది వారిసెల్లా జోస్టర్ అనే వైరస్ అనీ, తల్లీ లేదు పిల్లా లేదనీ, పేరెత్తితే ఏమవుతుందో చూద్దామనీ ఆ ఇంగ్లీషు పేరు నాలుగుసార్లు గట్టిగా అన్నాను. మామ్మ ఏమీ అనలేదు. గోడ వైపు తిరిగి కూర్చుంది. రెండు రోజులు నాతో మాట్లాడలేదు. మూడోనాడు నాన్న నన్ను చెరుకుతోటలోకి తీసుకెళ్ళి, తనకి ఒక అక్క ఉండేదనీ, 1960లలో మశూచి వచ్చి మూడేళ్ళ పిల్లప్పుడే పోయిందనీ చెప్పాడు. ఇంత వయసొచ్చినా నాకా సంగతి తెలియదు. చెల్లెలికి తగ్గి, వేపాకు వేసిన నీళ్ళు పోశారు. లేచి తిరిగింది. మామ్మకి ఏం చెప్పుకోవాలో తోచక నేను సెలవులు అయిపోగానే వచ్చేశాను.

ఆ తరవాత నాకు పేర్ల పిచ్చి పట్టుకుంది. లైబ్రరీలో హోమర్ రాసిన ఇలియడ్‌కి ఒక ఇంగ్లీషు అనువాదం దొరికింది. అందులో దేవతలు ఒట్టి పేరుతో రావడం తక్కువ. హేరా వస్తే తెల్లని చేతుల హేరా, లేదా ఆవుకళ్ళ హేరా. అథీనావి మెరిసే కళ్ళు. అఫ్రొడైటీ ఎప్పుడూ బంగారుదే, యుద్ధంలో దెబ్బతిని ఏడుస్తూ పరుగెత్తినా సరే. మొదట విసుగేసింది. మిల్మన్ పారీ అనే అమెరికా పండితుడు 1928లో పారిస్‌లో సమర్పించిన సిద్ధాంత గ్రంథంలో దీని కిటుకు విప్పాడని తరవాత తెలిసింది. ఆశువుగా పాడే కవికి పాదంలో ఇంత చోటు మిగిలితే ఈ విశేషణం, అంత చోటు మిగిలితే ఆ విశేషణం సిద్ధంగా ఉంటుందట. లెక్క ప్రకారం అమరిన ఇటుకలన్నమాట. గుళ్ళల్లో పేర్లు మళ్ళీ వేరు. ఒకే అథీనా ఊరిని కాచేటప్పుడు పోలియాస్, చేతిపనుల వాళ్ళకి ఎర్గానే, రోగాలు పోగొట్టేటప్పుడు హైజియా. కల్లిమకస్ అనే కవి చెప్పిన కథలో అయితే, ఆర్టెమిస్ చిన్నపిల్లగా తండ్రి ఒళ్ళో కూర్చుని, అపోలోకి తీసిపోకుండా తనకీ బోలెడు పేర్లు కావాలని మారాం చేస్తుంది.

గ్రీకులు పగబట్టి వెంటాడే భయంకర దేవతలని యూమెనిడీస్ అనేవారు. అంటే దయగలవాళ్ళు. ఆ మాట చదివాక పుస్తకం మూసేశాను. మా మామ్మ చల్లనితల్లి అన్నది ఇందుకే కదా! తెలుగు లెక్చరరు గారితో ఈ మాట అంటే ఆయన నవ్వి, పేర్ల సంగతి తెలుసుకోవాలంటే గ్రీసు దాకా పోనక్కర్లేదు, శ్యామశాస్త్రి జీవితం చదివి, ఆ భైరవి స్వరజతి ఒకసారి విను అని పంపించారు.

శ్యామశాస్త్రి 1762లో తిరువారూరులో పుట్టాడు. ఆ తరవాత పదిహేనేళ్ళలోపునే త్యాగయ్య గారూ, దీక్షితులూ ఆ ఊళ్ళోనే పుట్టారు. ఇది ఎంత ఆశ్చర్యమో పాఠకులే ఊహించుకోవచ్చు. అసలు పేరు వేంకటసుబ్రహ్మణ్యం, ఇంట్లో ముద్దుగా పిలిచే పేరు శ్యామకృష్ణ. తండ్రి విశ్వనాథయ్య. వీళ్ళ పూర్వీకులు మన కంభం ప్రాంతం నుంచి దక్షిణాదికి వలసపోయారని చెబుతారు. ఉండేది తమిళదేశమైనా ఆయన ఎక్కువ పాటలు తెలుగులోనే కట్టాడు. నాయకరాజుల కాలం నుంచి మరాఠా రాజుల దాకా తంజావూరు కొలువులో పాటకి భాష తెలుగే.

ఆ కుటుంబానికి సంగీతం వృత్తి కాదు. వాళ్ళు బంగారు కామాక్షి అర్చకులు. ఈ అమ్మవారు మొదట ఉన్నది కంచిలో. యుద్ధాలతో కంచికి భద్రత లేకుండా పోయిన రోజుల్లో అర్చకులు ఆ బంగారు విగ్రహాన్ని ఎత్తుకుని ఊరు విడిచారు. ఎలా తీసుకెళ్ళారన్నదానికి పెద్దలు చెప్పే కథ ఒకటుంది. మెరిసే ముఖానికి పునుగు పట్టించి నల్లగా చేశారట. బట్టలు చుట్టి, మూసిన పల్లకీలో పడుకోబెట్టి, ఆడపిల్లకి అమ్మవారు పోసిందని దారిలో అడిగినవాళ్ళకి చెప్పారట. ఇంకెవడు తెర తొలగించి చూస్తాడు!

నేనీ కథ మొదటిసారి చదివిన రాత్రి హాస్టల్ డాబా మీదికి వెళ్ళి చాలాసేపు కూర్చున్నాను. దొంగలూ, సైనికులూ అందరూ ఆ ఒక్క మాటకి పక్కకి తప్పుకున్నారు. అమ్మవారు అనే జబ్బు పేరు చాటున అమ్మవారే వెళ్ళిపోయింది. ఆ జబ్బు భూమ్మీద లేకుండా పోయిందని ప్రపంచ ఆరోగ్య సంస్థ 1980లో ప్రకటించింది. మా మేనత్త మాత్రం అంతకు ముందే పోయింది.

పల్లకీ జింజి, ఉడయార్‌పాళయం లాంటి ఊళ్ళు తిరిగి తిరిగి చివరికి తిరువారూరు చేరింది. తరాలు మారాయి, అర్చకులు మారారు, నైవేద్యం తప్పలేదు. 1781లో హైదరాలీ సేనలు తంజావూరు సీమ మీద పడ్డ కాలంలో మళ్ళీ ప్రయాణం కట్టాల్సొచ్చింది. అప్పటికి మన శ్యామకృష్ణకి ఇరవై ఏళ్ళు ఉంటాయి, అంటే నా వయసు. తంజావూరు మరాఠా రాజు తుళజాజీ ఆదరించాడు. అమ్మవారికి తంజావూరు పడమటి వీధిలో గుడి అమరింది, అర్చకులకి ఇంత జీవనాధారమూ అమరింది. గుడి ఇప్పటికీ ఉంది. ముఖానికి పునుగు పూసే ఆచారం మానలేదు కాబట్టి అమ్మవారు నల్లగానే కనిపిస్తుందట. పేరు మాత్రం బంగారు కామాక్షి.

చిన్నప్పుడు మేనమామ దగ్గర కాస్త స్వరజ్ఞానం అబ్బింది, అంతే. తంజావూరు వచ్చాక కాశీ నుంచి ఒక తెలుగు సన్యాసి చాతుర్మాస్యానికి వచ్చాడు. సంగీతస్వామి అనేవారు ఆయన్ని. కుర్రవాడిలో ఏదో చూసి, దగ్గర కూర్చోబెట్టుకుని, తాళశాస్త్రం రహస్యాలతో సహా నేర్పి, వెళ్ళేటప్పుడు తన గ్రంథాలు ఇచ్చి వెళ్ళాడట. శాస్త్రం అయింది, ఇక పాట వినాలంటే పచ్చిమిరియం ఆదియప్పయ్య దగ్గరికి వెళ్ళమన్నాడట. ఆ ఆదియప్పయ్యే భైరవిలో ప్రసిద్ధమైన అటతాళ వర్ణం కట్టినవాడు. శ్యామశాస్త్రికి భైరవి మీద అంత పట్టు ఎక్కడినుంచి వచ్చిందో వేరే చెప్పక్కర్లేదు.

ఇక ఆయన రోజు ఎలా గడిచేదో ఆలోచించండి. పొద్దున్న లేస్తే చేయవలసిన పని నామాలు చదవడం. లలితా సహస్రనామంలో వెయ్యి పేర్లున్నాయి, చదివిన పేరు మళ్ళీ రాదంటారు. ఒక్కో పేరుకి ఒక్కో కుంకుమ చిటిక. ఏడాదికి ఎన్ని లక్షలో మీరే లెక్క వేసుకోండి. ఎవరికైనా నోటికి అలవాటైపోయి అర్థం జారిపోవలసిందే. ఈయన మాత్రం ఆ పేర్లని పాటలోకి తెచ్చి కొత్తగా పిలిచాడు. హిమగిరి కుమారి అంటాడు, అంటే పుట్టింటి పేరు చెబుతున్నాడు. జగదంబ అంటాడు, అంటే తనకీ తల్లే అని గుర్తుచేస్తున్నాడు. మధుర మీనాక్షి దగ్గరికి వెళ్ళి తొమ్మిది పాటలు పాడాడని, వాటిని నవరత్నమాలిక అంటారని ప్రతీతి. అక్కడ తామరరేకుల కళ్ళదానా అని పిలిచాడు. హోమర్‌కి ఆవుకళ్ళు నచ్చాయి, మనవాడికి తామరరేకులు నచ్చాయి. రైతుబిడ్డగా నా ఓటు ఆవుకళ్ళకే, అది వేరే సంగతి.

హోమర్‌లో పిలుపు తరవాత కథ నడుస్తుంది. శ్యామశాస్త్రి పాటలో పిలుపు తరవాత కథ లేదు, అడగడం ఒక్కటే ఉంది. ఆలస్యం ఎందుకు, నన్ను చూడవేం, నాకింకెవరున్నారు అని. పిల్లవాడు గుమ్మంలో నిలబడి అమ్మని నాలుగు రకాలుగా పిలిచినట్టు ఉంటుంది. రాజుని పొగడడం నాకెక్కడా కనబడలేదు. సొమ్ము అడగడమూ కనబడలేదు.

వాగ్గేయకారులు పాట చివర తమ పేరు ముద్రగా వేసుకుంటారు. ఆయన తన ముద్దుపేరు శ్యామకృష్ణ వాడుకున్నాడు. చాలాచోట్ల అది శ్యామకృష్ణ సోదరి అని వస్తుంది. నల్లనయ్య కృష్ణుడి చెల్లెలా అని అమ్మవారికి అది సాక్షాత్తూ బిరుదే. పాట కట్టినవాడి పేరూ అదే! అంటే సంతకం పెట్టే చోట అమ్మవారికి అన్న అయిపోయాడు. తల్లీ అని పాట ఎత్తుకుని తోబుట్టువుగా ముగించాడు. కావాలని చేశాడా, అక్షరాలు అలా కుదిరాయా అని అడిగితే నా దగ్గర జవాబు లేదు గాని, నాకు మాత్రం ఆయన్ని తలుచుకుంటే ముందు గుర్తొచ్చేది ఇదే.

తాళం సంగతి చెప్పకుండా వదలలేను, ఎందుకంటే సైన్సు విద్యార్థికి అందే భాగం అదొక్కటే. ఆయనకి ఏడు లెక్క మీద మక్కువ. మిశ్రచాపు అంటే మూడూ నాలుగూ కలిసి ఏడు. దాన్నే తిరగేసి నాలుగూ మూడూ చేసి నడిపితే విలోమచాపు. మొత్తం అదే ఏడు, నడక మారిపోతుంది. పరమాణువులు అవే ఉండి అమరిక తిరగబడితే వేరే పదార్థం అయినట్టు. ఆ ఏడులో ఏ పేరు ఎక్కడ దిగుతుందో, ఎక్కడ అరక్షణం ఆగుతుందో విని తీరాలి. పారీ గారు హోమర్ పాదంలో కొలిచి చూపించిన చోటు లాంటిదే ఇక్కడా ఉంది. మన శాస్త్రి గారు మాత్రం చోటు ఖాళీగా ఉంది కదా అని పేరు పెట్టినట్టు అనిపించదు.

లెక్చరరు గారు వినమన్న భైరవి స్వరజతిలో ఇంకో లెక్కుంది. ఎనిమిది చరణాలు. మొదటిది షడ్జంతో ఎత్తుకుంటుంది, రెండోది రిషభంతో, మూడోది గాంధారంతో, అలా మెట్టు మెట్టూ ఎక్కి ఎనిమిదోది పైషడ్జంతో మొదలవుతుంది. స్వరజతి అంతకుముందు నాట్యానికి పనికొచ్చే రకం. తోడిలో, భైరవిలో, యదుకుల కాంభోజిలో ఆయన కట్టిన మూడింటి తరవాత అది కచ్చేరీలో కూర్చుని పాడేది అయింది. నాకు ఇదంతా చదివితే తెలిసింది. విన్నప్పుడు తెలిసింది మాత్రం ఎవరో ఎనిమిది మెట్లు ఎక్కుతూ ప్రతి మెట్టు మీదా ఆగి పిలుస్తున్నారని.

ఆయన జీవితంలో సంఘటనలు తక్కువ. ఉన్నవాటిలో పెద్దది మన ఉత్తరాంధ్రకి సంబంధించినదే. బొబ్బిలి కేశవయ్య అనే విద్వాంసుడు ఊరూరా విద్వాంసులని ఓడిస్తూ తంజావూరు కొలువుకి వచ్చాడు. భూలోక చాపచుట్టి అని ఆయన బిరుదు. అంటే భూలోకాన్ని చాపలా చుట్టేశాడన్నమాట! తంజావూరు పరువు ఎవరు నిలబెడతారని అందరూ వెతికి, చివరికి గుళ్ళో ఉన్న శాస్త్రి దగ్గరికి వెళ్ళారు. ముందురాత్రి ఆయన అమ్మవారి ఎదుట కూర్చుని చింతామణి రాగంలో, కాపాడే సమయం ఇదే అని మొరపెట్టుకుంటూ పాట కట్టాడని చెబుతారు. మర్నాడు కేశవయ్య 128 అక్షరాల సింహనందన తాళం ఎత్తుకున్నాడు. శాస్త్రి అదే తాళాన్ని అందుకుని నడిపి, ఆ పైన శరభనందనం అనే తాళం ఎత్తాడు. సింహాన్ని చంపే మృగం శరభం కదా. కేశవయ్య దానికి జవాబు చెప్పలేకపోయాడు. నా రూమ్మేటుది బొబ్బిలి. ఈ కథ తంజావూరు వాళ్ళు చెప్పుకున్నదనీ, బొబ్బిలివాళ్ళు ఓడరనీ వాడి వాదన. 1757 యుద్ధం సంగతి ఎత్తకుండా నేను ఊరుకున్నాను.

గెలిచాక కూడా ఆయన గుడి విడిచి కొలువులో చేరలేదు. శిష్యులని పెద్దగా పోగుచేయలేదు. త్యాగయ్య గారికి ఉన్నట్టు ఊరూరా పాట మోసుకెళ్ళే మందీ లేరు. మూడు వందల దాకా పాటలు కట్టాడని ప్రతీతి, దొరుకుతున్నవి వందలోపే. ఇద్దరు కొడుకులు. పెద్దవాడు పంజుశాస్త్రి అర్చకత్వం చూసుకున్నాడు. రెండోవాడు సుబ్బరాయశాస్త్రి త్యాగయ్య గారి దగ్గర కూడా నేర్చుకుని, తనూ గొప్ప వాగ్గేయకారుడయ్యాడు. సాటి విద్వాంసుడి దగ్గరికి కొడుకుని పంపడం ఆ కాలంలో ఎంతమంది చేశారో!

1827 ఫిబ్రవరి 6న ఆయన పోయాడు. అంతకు కొద్దిరోజుల ముందే భార్య పోయింది. తన రోజు కూడా ఆయన ముందే చెప్పాడని అంటారు. అలాంటివి నమ్మాలో వద్దో నాకు తెలియదు, ఈమధ్య వెంటనే నవ్వడం మాత్రం మానేశాను. ఆ తరవాత డెబ్బై ఏడేళ్ళకి, 1904లో, ముత్తుస్వామి దీక్షితుల వంశానికి చెందిన సుబ్బరామ దీక్షితులు ఎట్టయపురంలో సంగీత సంప్రదాయ ప్రదర్శిని అచ్చువేయించారు. తమిళదేశంలో అచ్చయిన ఆ బృహద్గ్రంథం తెలుగులిపిలో ఉంది. శ్యామశాస్త్రి చరిత్ర అందులో ఉండబట్టే ఈపాటి సంగతులు మనదాకా వచ్చాయి.

ఈ వ్యాసం సగం రాశాక సంక్రాంతికి ఇంటికి వెళ్ళాను. సాయంత్రం మామ్మ పశువులశాల అరుగు మీద కూర్చుని ఉంటే, పక్కన చతికిలబడి, ఫోనులో భైరవి స్వరజతి పెట్టాను. కెమిస్ట్రీ సంగతి ఎత్తలేదు, మేనత్త సంగతీ ఎత్తలేదు. మొదట ఆమెకి అది తెలుగని పట్టుబడలేదు. కామాక్షి అన్న పేరు మళ్ళీ మళ్ళీ వస్తుంటే చెవి దగ్గరికి ఒంగింది. అయ్యేదాకా కదల్లేదు. ఎవరిని పిలుస్తున్నాడని అడిగింది. కంచిలో ఉండే అమ్మవారు, జబ్బుపిల్లలాగ పల్లకీలో పడుకుని తంజావూరు వెళ్ళిపోయింది, పేరు బంగారు కామాక్షి అని కథంతా చెప్పాను. పల్లకీ దగ్గర ఆమె కళ్ళు తుడుచుకుంది. తరవాత, బంగారం అయితే మన పైడితల్లే కదరా అని తేల్చేసి, దూడకి నీళ్ళు పెట్టలేదని నన్ను కేకలేస్తూ లేచింది.